ఏటి నీళ్ళు ఎవరి సొత్తు?



గద్వాల అనగానే మనలో చాలామందికి చీర గుర్తొస్తుంది. ఒళ్ళంతా నూలు, అంచూ కొంగూ పట్టు. అంతవరకే మన పరిచయం. ఆ ఊరు ఎక్కడుందో, ఆ చుట్టుపక్కల జనం ఎలా బతుకుతున్నారో మనం పెద్దగా పట్టించుకోం. ఒకసారి పిల్లల అట్లాసు తీసి చూడండి. పైన కృష్ణ, కింద తుంగభద్ర, నడుమ కోసుగా సాగిన నేల. అలంపురం దాటాక రెండేళ్ళూ కలిసిపోతాయి. ఈ నడుమ ఉన్న నేలను అక్కడివాళ్ళు నడిగడ్డ అంటారు. పేరు ఎంత బాగుందో చూడండి! రెండు పెద్ద నదుల నడుమ ఉన్న గడ్డ ఎంత పచ్చగా ఉండాలి? కాని ఆ గడ్డా, కృష్ణ దాటితే వనపర్తీ, ఆ పక్కన నాగర్‌కర్నూలూ, అన్నీ కలిపి మొన్నమొన్నటిదాకా ఒకే పాలమూరు జిల్లా. ఆ పేరు చెబితే దేశమంతటా మేస్త్రీలకు గుర్తొచ్చేది ‘పాలమూరు కూలీలు’. నీళ్ళ పక్కన పుట్టి, నీళ్ళు లేక వలస పోయినవాళ్ళు.

మా మేనత్తను ఇచ్చిన ఊరు అలంపురం వైపు, రాజోలిబండ కాలువకు చివర. చిన్నప్పుడు వేసవి సెలవులకు వెళితే ఆ కాలువలో దిగి ఆడుకునేవాళ్ళం. నీళ్ళలో కాదండోయ్, ఇసుకలో. “కాల్వ ఉంది గాని నీళ్ళే రావు బిడ్డా. పైనోళ్ళ చేన్లు పారినంక మిగిల్తేనే మనకు. మిగలకపోతే ఎవర్నడగాల?” అనేది మా అత్త. చదువు లేని మనిషి. ఆమె అడిగిన ఆ చివరి మాటకు జవాబు వెతుక్కుంటూ ఐరోపాలో, అమెరికాలో, మన దేశంలో ఎంతమంది న్యాయకోవిదులు ఎన్ని వందల ఏళ్ళు తలలు పట్టుకున్నారో నాకు చాలా ఆలస్యంగా తెలిసింది. ఆ సంగతే ఈ వేళ మీతో చెప్పుకుందామని.

‘అంతర్జాతీయ న్యాయమా? వంటింట్లో ఉండే మాకెందుకమ్మా’ అనుకోకండి. మీ వీధిలో నల్లా సంగతే తీసుకోండి. మొదటి ఇంటివాళ్ళు నల్లాకు మోటారు బిగిస్తారు. చివరి ఇంట్లో బిందె నిండదు. వెళ్ళి అడిగితే, “మా ఇంటి ముందు గొట్టంలో వస్తున్న నీళ్ళు, మా ఇష్టం” అంటారు. మున్సిపాలిటీకి ఫిర్యాదు చేస్తే మనిషి వచ్చి మోటారు విప్పుకుపోతాడు. సరే, ఆ మొదటి ఇల్లు ఒక దేశమూ, చివరి ఇల్లు ఇంకో దేశమూ అయితే? మోటారు విప్పే మనిషి ఎక్కడినుంచి రావాలి? దేశాలకు పైన మున్సిపాలిటీ లేదు గదా. ఆ లేని చోట న్యాయం ఎలా పుట్టిందన్నదే ఈ శాస్త్రం.

దీనికి పితామహుడని చెప్పుకునే హ్యూగో గ్రోషియస్ హాలెండు దేశస్థుడు, 1583లో డెల్ఫ్టు పట్టణంలో పుట్టాడు. ఆయన గొప్పతనం పుస్తకాల్లో రాస్తారు గాని ఆయన భార్య సంగతి అంతగా రాయరు. కాబట్టి నేను చెబుతాను. రాజకీయాలూ మతవాదాలూ కలిసిన తగాదాలో చిక్కుకొని ఆయనకు 1619లో యావజ్జీవ ఖైదు పడింది. లూవెస్టీన్ అనే కోటలో పెట్టారు. భార్య మరియా కూడా ఆ కోటకే వచ్చి కాపురం పెట్టింది. ఆయన చదువుకోవడానికి బయటినుంచి ఒక పెద్ద పెట్టెలో పుస్తకాలు వచ్చేవి, చదివినవి అదే పెట్టెలో తిరిగి వెళ్ళేవి. మొదట్లో కాపలావాళ్ళు పెట్టె తెరిచి చూసేవారు. ఎప్పుడు చూసినా పుస్తకాలే. విసుగొచ్చి చూడడం మానేశారు. మరియా ఇది కనిపెట్టింది. 1621 మార్చిలో ఒకరోజు భర్తను ఆ పెట్టెలో ముడిచిపెట్టి తాళం వేసి, తోడుగా పనిపిల్లనిచ్చి పంపేసింది. తాను మాత్రం ఆ గదిలోనే ఉండిపోయింది. పెట్టె ఇంత బరువేమిటని మోసే సిపాయిలు గొణిగారట. ఆయన క్షేమంగా పారిస్ చేరాడు, ఆవిడను కొద్ది రోజులకు వదిలేశారు. యుద్ధంలోనూ శాంతిలోనూ దేశాలు పాటించవలసిన ధర్మం గురించి ఆయన 1625లో పారిస్‌లోనే గొప్ప గ్రంథం వెలువరించాడు. ఆ పెట్టెకు తాళం వేసిన చెయ్యి లేకపోతే ఆ గ్రంథం ఏ గతి పట్టేదో!

ఆ గ్రంథంలో నదుల గురించి ఒక మాట ఉంది. ఏరు ఏ జనుల నేల మీద పారుతుందో ఆ ఏరు వాళ్ళదే. కాని పారే నీరు మాత్రం అందరిదీ, తాగడానికీ తోడుకోవడానికీ ఎవరినీ కాదనగూడదు అన్నాడు. నా దీపంతో మీరు మీ దీపం వెలిగించుకుంటే నాకేమి తరుగు, అన్న పాత పోలికను దీనికి తోడు తెచ్చుకున్నాడు. మాట బాగుంది. అయితే నాకొక సందేహం. హాలెండులో నీళ్ళకు కరువు లేదు, వాళ్ళ బాధల్లా సముద్రం లోపలికి రాకుండా గట్లు పోసుకోవడమే. నడిగడ్డలో పుట్టి ఉంటే ఆయన ఈ పోలిక తెచ్చి ఉండేవాడు కాదు. దీపం ఇస్తే తరగదు, కాలువ నీళ్ళు ఇస్తే తరుగుతాయి. తరిగే వస్తువుకు వాటాలు వెయ్యాలి. అసలు చిక్కు అక్కడే మొదలయింది.

ఆ చిక్కు అమెరికాలో పెద్దదయింది. రియో గ్రాండె అని ఒక నది ఉంది. పైన అమెరికా, కింద మెక్సికో. పైనున్న రైతులు కొత్తకొత్త కాలువలు తవ్వుకుంటూ పోతే కింద మెక్సికో ఊళ్ళలో ఏరు ఎండిపోయింది. మెక్సికో మొర పెట్టుకుంది. 1895లో అమెరికా అటార్నీ జనరల్ జడ్సన్ హార్మన్ ఒక అభిప్రాయం రాసిచ్చాడు. మా నేల మీద ఉన్నంతసేపూ ఆ నీళ్ళు మావి, మా సార్వభౌమత్వానికి అడ్డులేదు, కిందివాళ్ళకు ఇవ్వాలని ఏ అంతర్జాతీయ న్యాయమూ చెప్పలేదు, అని. మొదటి ఇంటి మోటారు మాటే గదా ఇది! దీనికి హార్మన్ సిద్ధాంతమని పేరు వచ్చింది. తమాషా ఏమిటంటే అమెరికాయే దానిమీద నిలబడలేదు. 1906లో ఒడంబడిక చేసుకొని మెక్సికోకు ఏటా 60,000 ఎకరా అడుగుల నీళ్ళిస్తామని ఒప్పుకుంది. మన లెక్కలో సుమారు రెండున్నర టీఎంసీలు. తర్వాత కొలంబియా నది దగ్గర కెనడా పైన, అమెరికా కింద అయ్యేసరికి హార్మన్‌గారి మాట అమెరికాకే చేదయింది. కోడలిగా ఉన్నన్నాళ్ళూ ఒక న్యాయం, అత్త అయ్యాక ఒక న్యాయం అంటారే, ఇది దానికి తిరగేసిన కథ.

టీఎంసీ అంటే ఏమిటని మీరు అడగకముందే చెబుతాను. పేపర్లో రోజూ చూసే మాటే. వంద కోట్ల ఘనపుటడుగులు. లీటర్లలో అయితే సుమారు 2,830 కోట్లు. బిందెల్లో లెక్క మీరే వేసుకోండి.

అమెరికాలోనే రెండు రాష్ట్రాలు, కొలరాడో, కాన్సాస్, అర్కాన్సాస్ నదికోసం కోర్టుకెక్కాయి. 1907లో సుప్రీంకోర్టు తరఫున జస్టిస్ బ్రూయర్ తీర్పు రాశాడు. రెండు రాష్ట్రాలూ సరిసమానం, పైన ఉన్నంతమాత్రాన ఒకరికి అధికారం లేదు, కింద ఉన్నంతమాత్రాన ఒక్క చుక్కా తగ్గరాదనే హక్కూ లేదు, ఇద్దరి లాభనష్టాలూ తూచి న్యాయమైన పంపకం చెయ్యాలి అన్నాడు. అయినా ఆ కేసులో కాన్సాస్‌కు ఏమీ దక్కలేదు. మీకు జరిగిన నష్టం ఇంకా అంత పెద్దది కాదు, ముందుముందు పెరిగితే మళ్ళీ రండి అని పంపేశారు. కాని ‘న్యాయమైన పంపకం’ అన్న మాట మాత్రం నిలిచింది. ఒకే దేశంలోని రెండు రాష్ట్రాల మధ్య పుట్టిన ఆ మాట రెండు దేశాల మధ్యకూ పాకింది. ఆనాటినుంచి దేశాల న్యాయమూ రాష్ట్రాల న్యాయమూ ఈ విషయంలో ఒకదాన్ని చూసి ఒకటి నేర్చుకుంటూ వచ్చాయి.

1957లో ఫ్రాన్సూ స్పెయినూ లానూ అనే చెరువు గురించి మధ్యవర్తుల దగ్గరికి వెళితే, పైవాడు ఏ పని చేసుకోవాలన్నా కిందివాడి అనుమతి అక్కరలేదు గాని, సద్బుద్ధితో సంప్రదించి వాళ్ళ మేలు కూడా చూడాలని తేలింది. ఆ తర్వాత 1966లో ప్రపంచంలోని న్యాయశాస్త్ర పండితుల సంఘం ఒకటి ఫిన్లండు రాజధాని హెల్సింకీలో సమావేశమై, నీళ్ళ పంపకానికి ఏమేమి చూడాలో జాబితా రాసింది. నదీ పరీవాహకం ఎవరి నేలలో ఎంత ఉంది, ఎవరి వైపునుంచి ఎంత నీరు చేరుతోంది, వానలు ఎలా పడతాయి, ఇదివరకు ఎవరు ఎంత వాడుకున్నారు, ఎంతమంది జనం ఆధారపడ్డారు, వేరే దిక్కు ఉందా లేదా, ఎవరు వృథా చేస్తున్నారు, ఇలా పదకొండు సంగతులు.

ఇది చదివినప్పుడు నాకు మా అమ్మమ్మ గుర్తొచ్చింది. పండుగనాడు పాయసం ఆవిడే పంచేది. గరిటెలు లెక్కపెట్టేది కాదు. చూలాలికి ఒక గరిటె ఎక్కువ, పొద్దున్నుంచి పొలంలో ఉన్నవాడికి ఎక్కువ, మధ్యాహ్నమే వంటింట్లో దూరి గిన్నె నాకిన పిల్లాడికి తక్కువ. సమానంగా పంచడం వేరు, న్యాయంగా పంచడం వేరు. హెల్సింకీ పండితులు చెప్పింది ఆవిడకు పుట్టుకతో తెలుసు. కాని ఆవిడ చేతిలో గరిటె ఉంది, హెల్సింకీవాళ్ళ చేతిలో లేదు. వాళ్ళవి నియమాలే గాని చట్టం కాదు.

ఇక మన ఏటి దగ్గరికి వద్దాం. కృష్ణ మహారాష్ట్రలో పుట్టి, కర్ణాటకలో పారి, మన దగ్గరికి వస్తుంది. మన రాజ్యాంగంలో 262వ అధికరణం కింద 1956లో ఒక చట్టం చేశారు. దాని ప్రకారం రాష్ట్రాల నీళ్ళ తగాదా మామూలు కోర్టులకు పోదు, దానికోసం వేసిన ట్రిబ్యునల్‌కు పోతుంది. కృష్ణ కోసం 1969లో సుప్రీంకోర్టు న్యాయమూర్తి ఆర్.ఎస్. బచావత్‌గారి అధ్యక్షతన ట్రిబ్యునల్ వేశారు. 1973లో నివేదిక ఇచ్చి, సందేహాలు తీర్చి, 1976లో తుది రూపం ఇచ్చారు. నాలుగేళ్ళలో మూడేళ్ళు తప్పక వచ్చే నీరు 2060 టీఎంసీలని తేల్చి, మహారాష్ట్రకు 560, కర్ణాటకకు 700, ఆంధ్రప్రదేశ్‌కు 800 చొప్పున వేశారు. పొలాలు పారి మళ్ళీ ఏట్లోకి దిగే నీళ్ళు కలుపుకొని మనది 811 అయింది. మాది మాకే అన్న హార్మన్ వాదానికి ఇక్కడ చోటు దొరకలేదు. కాన్సాస్ కేసులో పుట్టిన ‘న్యాయమైన పంపకం’ అన్న సూత్రమే కృష్ణకూ వర్తించింది.

కాని న్యాయంగా పంచడంలోనూ ఒక ముల్లుంది. హెల్సింకీ జాబితాలో ‘ఇదివరకు ఎవరు ఎంత వాడుకున్నారు’ అని ఒకటి విన్నారు గదా. బచావత్‌గారు 1960 సెప్టెంబరు నాటికి నడుస్తున్నవీ, ఖాయమైనవీ అయిన ప్రాజెక్టులకు ముందు రక్షణ ఇచ్చారు. అది తప్పని అనలేం. విజయవాడ దగ్గర ఆనకట్ట 1855 నాటిది. తరాల తరబడి దానిమీద బతుకుతున్న డెల్టా రైతుల నోటి ముందరి కూడు ఎలా తీస్తారు? కృష్ణా డెల్టాకు 181.20 టీఎంసీలు కాపాడారు. కాని ముందు కట్టుకున్నవాడికి ముందు వాటా అన్నప్పుడు, కట్టుకోలేకపోయినవాళ్ళ మాటేమిటి? పాలమూరుకు ఆనకట్ట కట్టిన దొర లేడు. వనపర్తి సంస్థానంవాళ్ళు తవ్వించిన చెరువులున్నాయి, శ్రీరంగాపురం రంగసముద్రం చూడండి ఎంత ముచ్చటగా ఉంటుందో. పై చెరువు అలుగు పారితే కింది చెరువు నిండే గొలుసు ఏర్పాటు మన సీమలో ఎప్పటిదో. పై ఊరివాళ్ళు రాత్రికి రాత్రి అలుగు ఎత్తు చేస్తే కింది ఊరివాళ్ళు కర్రలతో వచ్చేవాళ్ళట. అదీ నదీ న్యాయమే! కాని అవన్నీ వాన చెరువులు. పక్కనే పోయే కృష్ణను మలుపుకొనే శక్తి ఆ సంస్థానాలకు లేదు.

ఇక్కడ బచావత్ ట్రిబ్యునల్ చేసిన ఒక పని నాకు ఎంతో గొప్పగా తోస్తుంది. హైదరాబాదు రాష్ట్రం 1956లో ముక్కలు కాకుండా ఉండి ఉంటే మహబూబ్‌నగర్ జిల్లాకు సేద్యపు నీళ్ళు దొరికే అవకాశం మెరుగ్గా ఉండేదనీ, రాష్ట్రాలను తిరిగి గీసిన కారణంగా ఈ ప్రాంతం నష్టపోరాదనీ భావించి, అప్పటికి నేల మీద ఒక్క రాయి కూడా పడని జూరాల ప్రాజెక్టుకు 17.84 టీఎంసీలు కేటాయించింది. ముందు వాడుకున్నవాడికే అన్న లెక్క పక్కకు పెట్టి, వాడుకోలేకపోయినవాడి బాధ లెక్కలోకి తీసుకుంది. గద్వాల పక్కన ఇప్పుడు మీరు చూసే జూరాల అలా పుట్టింది. శంకుస్థాపన 1981లో జరిగితే నీళ్ళు పొలాలకు చేరేసరికి 1990లు సగం దాటాయి. అదే న్యాయమూర్తి కలానికీ, కాలువ తవ్వే గునపానికీ ఉన్న దూరం.

మరి మా అత్తగారి ఊరి కాలువ? ఆ కథ ఇంకా విచిత్రం. తుంగభద్ర నీళ్ళ గురించి 1944లో మద్రాసు, హైదరాబాదు ప్రభుత్వాలు ఒప్పందం చేసుకున్నాయి. తర్వాత రాయచూరు జిల్లా రాజోలిబండ దగ్గర ఆనకట్ట మొదలైంది. మొదలైనప్పుడు రాయచూరూ హైదరాబాదు రాష్ట్రమే, అలంపురమూ హైదరాబాదు రాష్ట్రమే. ఒకే ఇంటి వసారాలో తవ్విన బావి అనుకోండి. 1956లో ఇల్లు పంచుకున్నారు. ఆనకట్టా, కాలువ మొదటి నలభై పైచిలుకు కిలోమీటర్లూ కర్ణాటకకు పోయాయి. ఆయకట్టులో పెద్ద భాగం, సుమారు 87,500 ఎకరాలు, మన వైపు మిగిలింది. ట్రిబ్యునల్ లెక్క ప్రకారం ఈ పథకానికి 17.10 టీఎంసీలు. అందులో 15.90 మనవి, 1.20 కర్ణాటకవి. కాగితం మీద పదింట తొమ్మిది వంతులకు పైగా మనవే. కాని తలుపు వాళ్ళింట్లో, బిందె మనింట్లో. కాలువ పూడింది, గట్లు తెగాయి, దారిలో మళ్ళించుకున్నారు, ఆనకట్ట తూముల దగ్గర కర్నూలు వైపు రైతులతోనూ ఘర్షణలు. చివరి ఊళ్ళకు ఇసుకే మిగిలింది. వాటా లేక కాదు సుమా. వాటా ఉంది, వచ్చే దారి లేదు.

మన తెలుగువాళ్ళు ఈ శాస్త్రానికి ఏమీ చెయ్యలేదా అంటే, చేశారు. పెమ్మరాజు శ్రీనివాసరావుగారు ఐక్యరాజ్యసమితి అంతర్జాతీయ న్యాయసంఘంలో 1987 నుంచి 2006 దాకా సభ్యులు. ఒక దేశంలో చేసే ప్రమాదకరమైన పని వల్ల ఎల్ల దాటి పక్క దేశానికి హాని కలగకుండా ముందే ఎలా జాగ్రత్తపడాలో చెప్పే నియమావళి 2001లో తయారయింది, దాని రూపకల్పనకు ఆయనే ప్రత్యేక నివేదకులు. పాటిబండ్ల చంద్రశేఖరరావుగారు జర్మనీలో హాంబర్గులో ఉన్న సముద్ర న్యాయస్థానంలో 1996 నుంచి 2017 దాకా న్యాయమూర్తి, 1999 నుంచి మూడేళ్ళు అధ్యక్షులు కూడా. శ్రీనివాసరావుగారు ఉన్న ఆ న్యాయసంఘమే నదుల ఒడంబడిక ముసాయిదా కూడా రాసింది. 1997లో ఐక్యరాజ్యసమితిలో ఓటుకు పెడితే 103 దేశాలు ఔనన్నాయి, చైనా, టర్కీ, బురుండి కాదన్నాయి. ఆ మూడూ నదులు పుట్టే ఎగువ దేశాలని గమనించండి. మన దేశం ఎటూ ఓటు వెయ్యలేదు. మనం గంగకూ సింధుకూ పైన, బ్రహ్మపుత్రకు ఒకవైపు పైన, ఒకవైపు కింద. అత్తా మనమే, కోడలూ మనమే. ఒడంబడిక అమలులోకి రావడానికి 2014 దాకా పట్టింది.

అదే 2014లో మన ఇల్లు మళ్ళీ పంచుకున్నాం. ఆ 811 టీఎంసీలలో తెలంగాణకు 299, ఆంధ్రప్రదేశ్‌కు 512 అని 2015లో తాత్కాలికంగా అనుకున్నారు. దాన్ని తెలంగాణ ఒప్పుకోవడం లేదు, పరీవాహక ప్రాంతంలో ఎక్కువ భాగం మాది అంటుంది. మేము ముందునుంచీ వాడుకుంటున్నాం అని ఆంధ్ర అంటుంది. హెల్సింకీ జాబితాలో మొదటి సంగతి ఒకరిది, మధ్య సంగతి ఇంకొకరిది. 2004లో వేసిన రెండో ట్రిబ్యునల్, జస్టిస్ బ్రిజేష్ కుమార్‌గారిది, 2010లోనూ 2013లోనూ నివేదికలిచ్చినా సుప్రీంకోర్టు ఆపడంతో గెజెట్‌కు ఎక్కలేదు. రెండు తెలుగు రాష్ట్రాల మధ్య పంచే పని 2023 అక్టోబరులో అదే ట్రిబ్యునల్‌కు అప్పగించారు. నాగర్‌కర్నూలు జిల్లా కొల్లాపురం దగ్గర పాలమూరు–రంగారెడ్డి ఎత్తిపోతల మొదటి మోటారు తిప్పింది కూడా ఆ ఏడు సెప్టెంబరులోనే. ఆ మోటార్లు ఎత్తే నీళ్ళు ఎవరి వాటాలోవి అన్నది ఆ తగాదాలో భాగమే.

మా అత్త పోయి చాలా ఏళ్ళయింది. ఎవర్నడగాల అన్న ఆమె మాటకు ఇప్పుడు జవాబు చెప్పగలను. ఢిల్లీలో ట్రిబ్యునల్‌ను అడగాలి, కృష్ణా నదీ బోర్డును అడగాలి, కర్ణాటకను అడగాలి, మన ఇంజనీరును అడగాలి. మొన్న మా బావ ఫోను చేస్తే కాలువకు నీళ్ళొస్తున్నాయా అని అడిగాను. తుంగభద్ర నుంచి నీళ్ళెత్తి ఆ కాలువ చివరి భాగంలో పోయడానికి తుమ్మిళ్ళ దగ్గర 2018లో మోటార్లు పెట్టారు లెండి.

“వస్తయి. ఆ మోటార్లు తిరిగినన్ని దినాలు వస్తయి,” అన్నాడు.